మెట్ల గీతకు అటూ ఇటూ: లోహం, అలోహం ఎక్కడ విడిపోతాయి?

ఆవర్తన పట్టిక వేలాడే ఏ తరగతి గదిలో చూసినా, పట్టిక కుడి భాగంలో మెట్లు మెట్లుగా దిగే ఒక మందపాటి గీత కనిపిస్తుంది. బోరాన్ దగ్గర మొదలయ్యే ఆ గీత అల్యూమినియం, సిలికాన్ల నడుమ నుంచి, జెర్మేనియం, ఆర్సెనిక్ల నడుమ నుంచి, ఆంటిమొనీ, టెల్లూరియంల నడుమ నుంచి దిగి ఆస్టటీన్ దగ్గర ముగుస్తుంది. గీతకు ఎడమన ఉన్నవి లోహాలు, కుడిన ఉన్నవి అలోహాలు, గీతను ఆనుకొని ఉన్న కొన్ని అర్ధలోహాలు అని పాఠ్యపుస్తకాలు చెబుతాయి. ఇప్పటికి గుర్తించిన 118 మూలకాలలో 90కి పైగా ఎడమవైపువే. ఒక్క హైడ్రోజన్ మాత్రం అలోహమై ఉండి కూడా ఎడమ అంచున, లోహాల వరుసకు నెత్తిన కూర్చుని ఉంటుంది. అల్యూమినియం కేంద్రకంలో 13 ప్రోటాన్లు, సిలికాన్ కేంద్రకంలో 14. ఆ ఒక్క ప్రోటాన్ తేడాకు ఒకటి కరెంటు తీగగా, రెండోది పెళుసైన అర్ధవాహకంగా మారడానికి కారణమేమిటన్నది తేలితే తప్ప ఆ గీతకు అర్థం లేదు.

లోహాల ధర్మాలు చెప్పమని పదో తరగతి విద్యార్థిని అడిగితే ద్యుతిగుణం (మెరుపు), స్తరణీయత (రేకుగా సాగడం), తాంతవత (తీగగా సాగడం), ధ్వనిగుణం (కొడితే మోగడం), ఉష్ణ విద్యుద్వాహకత అని గుక్క తిప్పుకోకుండా అప్పజెబుతారు. పరీక్షలో మార్కులు కూడా పడతాయి. కానీ ఈ జాబితాలోని ఏ ఒక్క ధర్మాన్నీ నిర్వచనంగా పట్టుకుని నిలబడలేము. అయోడిన్ అలోహం, అయినా దాని స్ఫటికాలు లోహంలాగే మెరుస్తాయి. గ్రాఫైట్ కర్బనపు రూపాంతరం, అయినా విద్యుత్తును చక్కగా ప్రవహింపజేస్తుంది. అదే కర్బనం వజ్రంగా ఉన్నప్పుడు విద్యుత్తును అడ్డుకుంటుంది గాని, ఉష్ణాన్ని మాత్రం రాగికన్నా దాదాపు ఐదు రెట్లు మెరుగ్గా మోస్తుంది. బిస్మత్, మాంగనీస్ నిస్సందేహంగా లోహాలే, అయినా సుత్తి దెబ్బకు సాగవు, పగులుతాయి. లోహమంటే బరువైనది, గట్టిది అన్న అభిప్రాయమైతే 1807లోనే దెబ్బతింది. ఆ ఏడాది లండన్‌లో హంఫ్రీ డేవీ కరిగిన క్షారాల గుండా విద్యుత్తును పంపి పొటాషియంను, సోడియంను వేరుచేశాడు. అవి కత్తితో కోస్తే తెగేంత మెత్తనివి, నీటి మీద తేలేంత తేలికైనవి. సోడియం సాంద్రత ఘన సెంటీమీటరుకు 0.97 గ్రాములే. వాటిని లోహాలని పిలవడానికి ఆనాటి రసాయన శాస్త్రజ్ఞులలో కొందరు కొంతకాలం వెనకాడారు కూడా.

ధర్మాల జాబితాను ముందు చెప్పి, కారణాన్ని తర్వాత ఎప్పుడో చెప్పడం మన బోధనలో ఉన్న తిరగేసిన పద్ధతి అని నా అభిప్రాయం. ఎలక్ట్రాన్‌తో మొదలుపెడితే జాబితా దానంతట అదే వస్తుంది, మినహాయింపులు కూడా వాటంతట అవే అర్థమవుతాయి.

అందుకు మూడో పీరియడ్‌ను (పట్టికలో మూడో అడ్డు వరుసను) మించిన దారి లేదు. సోడియం నుంచి ఆర్గాన్ వరకు ఎనిమిది మూలకాలు. వీటన్నింటికీ బయటి కర్పరం (ఎలక్ట్రాన్లు ఉండే పొర) మూడోదే, లోపలి రెండు కర్పరాలలో కలిపి పది ఎలక్ట్రాన్లు నిండుగా ఉంటాయి. ఎడమ నుంచి కుడికి ఒక్కో గడి జరిగేకొద్దీ కేంద్రకంలో ఒక ప్రోటాన్, బయటి కర్పరంలో ఒక ఎలక్ట్రాన్ పెరుగుతాయి. లోపలి పది ఎలక్ట్రాన్లు కేంద్రకపు ఆకర్షణను చాలావరకు కప్పివేస్తాయి కాబట్టి సోడియం బయటి ఎలక్ట్రాన్‌కు కేంద్రకంలోని 11 ధనావేశాలలో తగిలేది చాలా తక్కువ. 1930లో జాన్ స్లేటర్ ఇచ్చిన సూత్రాలతో లెక్కిస్తే అది సుమారు 2.2. క్లోరిన్‌లో కొత్తగా చేరిన ఎలక్ట్రాన్లన్నీ ఒకే కర్పరంలో పక్కపక్కనే ఉంటాయి, ఒకదానికొకటి పెద్దగా అడ్డురావు. అందువల్ల అక్కడ బయటి ఎలక్ట్రాన్‌కు తగిలే ఆవేశం సుమారు 6.1కి చేరుతుంది. పట్టు ఇంతగా బిగిసినందువల్లనే పరమాణువు కుంచించుకుపోతుంది: సోడియం వ్యాసార్ధం 186 పికోమీటర్లు, క్లోరిన్‌ది 99.

ఈ పట్టును కొలిచే కొలమానమే అయనీకరణ శక్తి, అంటే వాయు స్థితిలో ఉన్న పరమాణువు నుంచి ఒక ఎలక్ట్రాన్‌ను లాగివేయడానికి కావలసిన శక్తి. మోల్‌కు కిలోజౌళ్లలో చెప్పుకుంటే సోడియంకు 496, మెగ్నీషియంకు 738, అల్యూమినియంకు 578, సిలికాన్‌కు 787, భాస్వరానికి 1012, గంధకానికి 1000, క్లోరిన్‌కు 1251, ఆర్గాన్‌కు 1521. మధ్యలో అల్యూమినియం దగ్గర, గంధకం దగ్గర కాస్త తగ్గడానికి ఉపకర్పరాల అమరికలో వేరే కారణాలు ఉన్నాయి, వాటి జోలికి ఇక్కడ పోనక్కరలేదు. మొత్తం మీద కుడికి వెళ్లేకొద్దీ ఎలక్ట్రాన్‌ను వదులుకోవడం కష్టమవుతుంది, పక్కవాళ్ల ఎలక్ట్రాన్‌ను లాక్కోవడం సులువవుతుంది. గ్రూపులో, అంటే నిలువు వరుసలో, కిందికి దిగితే దీనికి విరుద్ధంగా జరుగుతుంది. కర్పరాలు పెరిగి, బయటి ఎలక్ట్రాన్ కేంద్రకానికి దూరమై, పట్టు సడలుతుంది. లిథియంకు 520 ఉన్న అయనీకరణ శక్తి సీజియం దగ్గరికి వచ్చేసరికి 376కు పడిపోతుంది. కుడికి జరిగితే పెరిగే పట్టు, కిందికి దిగితే తగ్గే పట్టు కలిసి పనిచేయడం వల్లనే గీత నిలువుగానో అడ్డంగానో కాక ఏటవాలుగా, మెట్లలాగా దిగింది.

రసాయన చర్యల్లో ఈ తేడా ఆక్సైడ్ల దగ్గర స్పష్టంగా బయటపడుతుంది. 1789లో లావోయిజే తన మూల పదార్థాల పట్టికలో లోహాలను, అలోహాలను వేర్వేరు వర్గాలుగా పెట్టినప్పుడు, ఆక్సిజన్‌తో కలిసి ఆమ్లాలనిచ్చే స్వభావాన్నే అలోహాలకు గుర్తుగా చూపాడు. ఎలక్ట్రాన్‌ను తేలిగ్గా వదిలే మూలకం ఆక్సిజన్‌తో కలిసినప్పుడు ఎలక్ట్రాన్లను పూర్తిగా దానికే అప్పగిస్తుంది. అలా ఏర్పడిన ఆక్సైడ్ అయాను (ఋణావేశం పొందిన ఆక్సిజన్ పరమాణువు) నీటి అణువు నుంచి ప్రోటాన్‌ను లాక్కుంటుంది, ద్రావణంలో హైడ్రాక్సైడ్ మిగులుతుంది, అది క్షారమవుతుంది. సున్నపురాయిని కాల్చగా వచ్చిన కాల్షియం ఆక్సైడ్‌ను నీటితో విరిచి, ఆ తడి సున్నాన్ని పసుపులో కలిపితే పారాణి ఎర్రబడడం ప్రతి తెలుగింటా చూసినదే. పసుపులోని కర్క్యుమిన్ క్షారం తగిలితే ఎర్రబడుతుంది, అంతకుమించి అందులో రహస్యం లేదు. గంధకాన్ని కాల్చి, ఆ పొగను తడి పసుపు మీదికి పంపితే ఎరుపు రాదు. గంధకం ఎలక్ట్రాన్లను ఆక్సిజన్‌కు అప్పగించదు, పంచుకుంటుంది. ఆ ఆక్సైడ్ నీటిలో కరిగితే వచ్చేది ఆమ్లం.

మూడో పీరియడ్ ఆక్సైడ్లను వరుసగా పరీక్షిస్తే ఈ మార్పు మెల్లమెల్లగా జరగడం కనిపిస్తుంది. సోడియం ఆక్సైడ్ బలమైన క్షారాన్ని, మెగ్నీషియం ఆక్సైడ్ బలహీనమైన క్షారాన్ని ఇస్తాయి. అల్యూమినియం ఆక్సైడ్ రెండు వైపులా మొగ్గుతుంది, ఆమ్లంతోనూ క్షారంతోనూ చర్య జరుపుతుంది. అల్యూమినియం గిన్నెలో చింతపండు పులుసును నిలవ ఉంచవద్దని పెద్దలు చెప్పడానికీ, అదే గిన్నెను చాకలి సోడాతో తోమితే పాడైపోవడానికీ ఈ ద్విస్వభావమే మూలం. అల్యూమినియం ఖనిజమైన బాక్సైట్‌ను వేడి కాస్టిక్ సోడాలో కరిగించి అల్యూమినాను (అల్యూమినియం ఆక్సైడ్‌ను) వేరుచేసే బేయర్ పద్ధతి కూడా దీని మీదే నడుస్తుంది. సిలికాన్ డయాక్సైడ్, అంటే మన ఇసుక, నీటిలో కరగకపోయినా వేడి క్షారాలతో కలుస్తుంది కాబట్టి ఆమ్లపు వైపుదే. అక్కడి నుంచి భాస్వరం, గంధకం, క్లోరిన్ ఆక్సైడ్లు అంతకంతకు బలమైన ఆమ్లాలనిస్తాయి. ఇందులోనూ మెలిక ఉంది. క్రోమియం లోహమే, కానీ దాని ఆక్సైడ్లలో ఒకటి క్షార స్వభావం, ఒకటి ద్విస్వభావం, ఆరో ఆక్సీకరణ స్థితిలో ఉన్నది ఆమ్ల స్వభావం చూపుతాయి. పరమాణువు కోల్పోయిన ఎలక్ట్రాన్లు ఎక్కువయ్యేకొద్దీ మిగిలినవాటి మీద దాని పట్టు బిగుస్తుంది, అప్పుడు లోహం కూడా అలోహంలా ప్రవర్తిస్తుంది.

ఇక్కడికి విషయం తేలిపోయినట్టే అనిపిస్తుంది: ఎలక్ట్రాన్‌ను తేలిగ్గా వదిలేది లోహం, వదలనిది అలోహం. చాలా వ్యాసాలు ఇక్కడే ఆగుతాయి. కానీ అయనీకరణ శక్తుల పట్టికను మరోసారి తిరగేస్తే చిక్కు ఎదురవుతుంది. బంగారానికి 890, సిలికాన్‌కు 787. అంటే సిలికాన్‌కన్నా బంగారమే తన ఎలక్ట్రాన్‌ను గట్టిగా పట్టుకుని ఉంది. పాదరసానికి 1007, గంధకానికి 1000. విడి పరమాణువులను మాత్రమే తూచి తీర్పు చెప్పాలంటే పాదరసాన్ని గంధకం పక్కన కూర్చోబెట్టాలి. బరువైన ఈ పరమాణువులలో ఎలక్ట్రాన్లు కేంద్రకానికి చేరువగా వచ్చినప్పుడు కాంతి వేగంలో చెప్పుకోదగ్గ భాగాన్ని అందుకుంటాయి, ఆ సాపేక్షతా ప్రభావం వల్ల బయటి కర్పరం కుంచించుకుని పట్టు బిగుస్తుంది. పాదరసం గది ఉష్ణోగ్రత వద్ద ద్రవంగా ఉండడానికి ప్రధాన కారణం ఇదే. కారణం ఏదైనా, అంత బిగువైన పరమాణువులు గుంపుగా చేరినప్పుడు మాత్రం నిక్కమైన లోహమే తయారవుతుంది.

విడి పరమాణువుకు మెరుపు ఉండదు, రేకుగా సాగడం ఉండదు, తీగగా మారడం ఉండదు. లోహత్వం అసంఖ్యాకమైన పరమాణువులు కలిసి ఉన్నప్పుడు పుట్టే గుణం. 1900లో పాల్ డ్రూడ్ లోహంలోని ఎలక్ట్రాన్లు ఏ ఒక్క పరమాణువుకూ కట్టుబడక, పాత్రలోని వాయువులాగా తిరుగుతుంటాయని ప్రతిపాదించాడు. క్వాంటం సిద్ధాంతం వచ్చాక ఆ చిత్రం చాలా సవరణలకు గురైంది గాని, మూలంలోని మాట నిలిచింది. రాగి ముక్కలో ఒక్కో పరమాణువు సుమారు ఒక్కో ఎలక్ట్రాన్‌ను ఉమ్మడికి వదిలేస్తుంది. మిగిలిన ధన అయాన్లు ఆ ఉమ్మడి ఎలక్ట్రాన్ల వల్లనే ఒకచోట నిలుస్తాయి. విద్యుత్తు ప్రవహించేది, ఉష్ణం ప్రసరించేది, మీద పడిన కాంతి తిరిగి పరావర్తనం చెందేది వాటివల్లనే.

జనగామ దగ్గరి పెంబర్తిలో ఇత్తడి రేకును వెనుక నుంచి కొట్టి బొమ్మను ఉబ్బెత్తుగా తేల్చే పనిని చూస్తే ఈ బంధం స్వభావం కంటికి కనిపిస్తుంది. ప్రతి దెబ్బకూ రేకులోని అయాన్ల పొరలు ఒకదాని మీద ఒకటి జారతాయి. ఎటు జారినా చుట్టూ ఉన్నది అదే ఉమ్మడి ఎలక్ట్రాన్ల సమూహం కాబట్టి బంధం తెగదు, రేకు పగలదు. దెబ్బలు పడేకొద్దీ స్ఫటికంలోని లోపాలు చిక్కుపడి రేకు బిరుసెక్కుతుంది, అందుకే రేకు పనివాళ్లు దానిని మధ్యలో కాల్చి మెత్తబరుస్తారు. అదే సుత్తితో కళ్లుప్పు పలుకును కొడితే చదునైన ముఖాలతో ముక్కలవుతుంది. అందులో సోడియం, క్లోరిన్ అయాన్లు ఒకటి విడిచి ఒకటి పేర్చి ఉంటాయి, ఒక పొర ఒక్క అడుగు జరిగితే చాలు, ధన అయాను ఎదురుగా ధన అయానే వచ్చి రెండూ తోసుకుంటాయి. గంధకపు గడ్డ పగలడానికి కారణం వేరు: ఎనిమిదేసి పరమాణువుల వలయాలుగా ఉన్న దాని అణువుల మధ్య ఉన్న ఆకర్షణే బలహీనం.

పరమాణువులు ఎప్పుడు తమ ఎలక్ట్రాన్లను ఉమ్మడికి వదులుతాయి, ఎప్పుడు పక్కవాడితో మాత్రమే పంచుకుంటాయి అన్న ప్రశ్నకు 14వ గ్రూపును మించిన ప్రయోగశాల పట్టికలో లేదు. కర్బనం, సిలికాన్, జెర్మేనియం, తగరం, సీసం. అయిదింటికీ బయటి కర్పరంలో నాలుగే ఎలక్ట్రాన్లు. పైనున్నది అలోహం, అడుగునున్నది లోహం. విశేషమేమిటంటే సిలికాన్ అయనీకరణ శక్తి 787, సీసానిది 716. తేడా పదో వంతు కూడా లేదు. అయినా సిలికాన్ పెళుసు, సీసం గోటితో గీరితే గీత పడేంత మెత్తన.

వజ్రంలో ప్రతి కర్బన పరమాణువూ తన నాలుగు ఎలక్ట్రాన్లతో నలుగురు పొరుగువారితో సమయోజనీయ బంధాలు (ఎలక్ట్రాన్లను పంచుకునే బంధాలు) కట్టుకుంటుంది. ఆ బంధాల నుంచి ఎలక్ట్రాన్‌ను విడిపించి తిరగనివ్వాలంటే దాదాపు 5.5 ఎలక్ట్రాన్ వోల్టుల శక్తి కావాలి. గది ఉష్ణోగ్రత ఇవ్వగలిగినది అందులో రెండు వందల వంతు. సిలికాన్ అమరిక అచ్చంగా వజ్రానిదే, కానీ బంధం పొడవు 0.154 నుంచి 0.235 నానోమీటర్లకు పెరిగి బలహీనపడింది, దాటవలసిన అంతరం 1.1 ఎలక్ట్రాన్ వోల్టులకు తగ్గింది. 1871లో మెండలీవ్ ఖాళీ గడి వదిలి ముందే ఊహించగా, 1886లో జర్మనీలో క్లెమెన్స్ వింక్లర్ కనుగొన్న జెర్మేనియంలో అది 0.67. తగరం దగ్గరికి వచ్చేసరికి గీత ఏకంగా ఒకే మూలకం గుండా పోతుంది. 13.2 డిగ్రీల సెల్సియస్‌కు పైన స్థిరంగా ఉండేది తెల్ల తగరం, మన ఇత్తడి గిన్నెలకు కళాయి వేసే తళతళలాడే లోహం. ఆ ఉష్ణోగ్రతకు దిగువన స్థిరమైనది బూడిద తగరం. అది వజ్రంలాంటి అమరికతో, ప్రతి పరమాణువుకూ నలుగురే పొరుగువారితో ఉంటుంది. సాంద్రత 7.3 నుంచి 5.8కి పడిపోవడంతో మారుతున్న లోహం ఉబ్బి, పొడిగా రాలిపోతుంది. చల్లని దేశాలలో తగరపు వస్తువులకు ఇది పెద్ద బెడద. స్వచ్ఛమైన తగరం గడ్డకట్టించే చలిలో చాలాకాలం ఉంటే తప్ప ఈ మార్పు వేగం పుంజుకోదు కాబట్టి మన కళాయి గిన్నెలకు భయం లేదు. పరమాణువు అదే, ఎలక్ట్రాన్ల సంఖ్య అదే, మారినది కూర్చున్న తీరు మాత్రమే. ఇక సీసంలో ప్రతి పరమాణువుకూ పన్నెండుగురు పొరుగువారు. నాలుగు ఎలక్ట్రాన్లతో పన్నెండుగురితో విడివిడిగా బంధాలు కట్టడం సాధ్యం కాదు, ఉమ్మడి తప్పదు.

1931లో అలన్ విల్సన్ ఈ తేడాను శక్తి పట్టీల, అంటే ఎలక్ట్రాన్లు ఉండగల శక్తుల శ్రేణుల, భాషలో చెప్పాడు. ఎలక్ట్రాన్లు నిండిన పట్టీకీ, పైనున్న ఖాళీ పట్టీకీ మధ్య అంతరం ఉంటే అది బంధకమో (విద్యుత్తును పోనివ్వనిదో) అర్ధవాహకమో, పట్టీ సగమే నిండి ఉన్నా, రెండు పట్టీలు కలిసిపోయినా అది లోహం. దీని నుంచి ఆచరణలో పనికొచ్చే ఒక పరీక్ష వస్తుంది, ధర్మాల జాబితాలన్నింటికన్నా దీనికే నేను ఎక్కువ విలువ ఇస్తాను: వేడి చేసి నిరోధం కొలవడం. లోహంలో తిరిగే ఎలక్ట్రాన్లు ముందు నుంచే ఉన్నాయి. వేడికి అయాన్ల కంపనం పెరిగి వాటి దారికి అడ్డు తగులుతుంది, నిరోధం పెరుగుతుంది. పాత టంగ్‌స్టన్ బల్బు తీగ వెలుగుతున్నప్పటి నిరోధం చల్లగా ఉన్నప్పటికన్నా పది రెట్లకు పైగా ఉంటుంది. స్విచ్ వేసిన క్షణంలోనే కరెంటు ఎక్కువగా ప్రవహించి ఆ బల్బులు ఎక్కువగా మాడిపోయేవి. అర్ధవాహకంలో వేడి కొత్త ఎలక్ట్రాన్లను విడిపిస్తుంది కాబట్టి నిరోధం తగ్గుతుంది. స్వచ్ఛమైన సిలికాన్‌లో పది లక్షల పరమాణువులకు ఒక్క భాస్వరం పరమాణువును చేర్చినా వాహకత లక్షల రెట్లు పెరుగుతుంది. రాగిలో అలా చేస్తే పెరగకపోగా కాస్త తగ్గుతుంది. ఈ పరీక్ష పెడితే పాఠ్యపుస్తకాలు అర్ధలోహాలుగా లెక్కించే ఆర్సెనిక్, ఆంటిమొనీ రెండూ లోహాల పక్షాన నిలుస్తాయి. ఆర్సెనిక్ గీతకు కుడివైపున ఉంది మరి.

పరమాణువు పట్టు ఒక్కటే కాక, పరమాణువులు ఎంత దగ్గరగా ఉన్నాయన్నది కూడా తీర్పులో భాగమని ముందుగా చెప్పినవాళ్లు డిమిత్రీ గోల్డ్‌హామర్, కార్ల్ హెర్జ్‌ఫెల్డ్. 1913లో ఒకరు, 1927లో మరొకరు చేసిన ఆలోచన ఇది. బయటి విద్యుత్ క్షేత్రానికి పరమాణువులోని ఎలక్ట్రాన్ మేఘం ఎంత సులువుగా పక్కకు జరుగుతుందన్నది ఒక రాశి, ఆ పరమాణువుకు పదార్థంలో దక్కే చోటు మరొక రాశి. మొదటిది రెండోదానికి సమానమైనా, మించినా ఎలక్ట్రాన్ ఇక తన పరమాణువు దగ్గర నిలవదు, పదార్థం లోహమవుతుంది. ఇంత సాదా లెక్క అయినా సాధారణ పరిస్థితులలో లోహాలనూ అలోహాలనూ ఇది ఆశ్చర్యపడేంత బాగా వేరుచేస్తుంది. అంతకన్నా ముఖ్యం, పరమాణువుకు దక్కే చోటును మార్చగలిగితే లోహాన్ని అలోహంగా, అలోహాన్ని లోహంగా మార్చవచ్చని ఇది సూచిస్తుంది.

ప్రయోగాలు దానిని నిజం చేశాయి. పాదరసాన్ని అధిక పీడనంలో బాగా వేడిచేసి వ్యాకోచింపజేస్తే, ఘన సెంటీమీటరుకు 13.6 గ్రాములున్న సాంద్రత సుమారు 9 గ్రాములకు పడిపోయేసరికి అది లోహ గుణాన్ని పోగొట్టుకుంటుంది. మరోవైపు, అయోడిన్‌ను సుమారు 1.6 లక్షల వాతావరణ పీడనాల కింద నొక్కితే లోహంలా విద్యుత్తును ప్రవహింపజేస్తుంది. ఆక్సిజన్‌కు అంతకన్నా చాలా ఎక్కువ, పది లక్షలకు దగ్గరగా కావాలి. అక్కడ అది లోహం కావడమే కాదు, పరమ శూన్య ఉష్ణోగ్రతకు అతి చేరువలో నిరోధమే లేని అతివాహకంగా కూడా మారుతుందని 1998లో తేలింది. నొక్కితే ఏదైనా లోహమే అవుతుందని తీర్మానించబోయేవారికి సోడియం అడ్డుపడింది. సుమారు 20 లక్షల వాతావరణాల పీడనంలో సోడియం తన మెరుపు కోల్పోయి పారదర్శకమైన బంధకంగా మారుతుందని 2009లో ప్రచురితమైన పరిశోధన చూపింది. అంత ఒత్తిడిలో లోపలి కర్పరాలు ఒకదానికొకటి తగిలేంతగా దగ్గరై, బయటి ఎలక్ట్రాన్లను అయాన్ల మధ్య ఉన్న ఖాళీలలోకి నెట్టివేస్తాయి. అక్కడ చిక్కుకున్న ఎలక్ట్రాన్లు ఎటూ కదలలేవు. అందరికన్నా తేలిగ్గా ఎలక్ట్రాన్‌ను వదిలే మూలకాలలో ఒకటి ఇలా గీత దాటడం చూసిన తర్వాత, లోహత్వం పరమాణువుకు పుట్టుకతో వచ్చిన గుణమని అనడం కష్టం.

హైడ్రోజన్ చోటు గురించిన వివాదం కూడా ఇక్కడే ఓ కొలిక్కి వస్తుంది. దాని అయనీకరణ శక్తి 1312, క్లోరిన్‌కన్నా ఎక్కువ. ఎలక్ట్రాన్‌కూ కేంద్రకానికీ మధ్య కప్పే లోపలి కర్పరమే లేదు మరి. మన చుట్టూ అది జంట పరమాణువుల వాయువుగా, పచ్చి అలోహంగా ఉంటుంది. ఒకటో గ్రూపు నెత్తిన దాన్ని పెట్టింది బయట ఒకే ఎలక్ట్రాన్ ఉందన్న లెక్కతో. 1935లో యూజీన్ విగ్నర్, హిల్లార్డ్ హంటింగ్టన్ తగినంత పీడనంలో హైడ్రోజన్ జంటలు విడిపోయి, సోడియంలాంటి లోహం ఏర్పడాలని లెక్కగట్టారు. వాళ్లు అంచనా వేసిన 2.5 లక్షల వాతావరణాలు చాలా తక్కువని తర్వాత తేలింది. 1996లో అమెరికాలోని లివర్‌మోర్ ప్రయోగశాలలో, సుమారు 14 లక్షల వాతావరణాల ఆఘాత పీడనాన్ని క్షణకాలం కలిగించినప్పుడు, కొన్ని వేల డిగ్రీల వేడిలో ఉన్న ద్రవ హైడ్రోజన్ లోహపు స్థాయి వాహకత చూపింది. గురుగ్రహం లోపల ఆ పీడనం క్షణకాలపుది కాదు. అక్కడి హైడ్రోజన్‌లో అధిక భాగం ద్రవ లోహంగానే ఉందని, భూమి క్షేత్రంకన్నా పది రెట్లకు పైగా బలమైన గురుగ్రహపు అయస్కాంత క్షేత్రాన్ని పుట్టిస్తున్నది ఆ ద్రవపు సుడులేనని శాస్త్రజ్ఞులు భావిస్తున్నారు. సౌర కుటుంబంలోని గ్రహాలలో ఉన్న లోహమంతటినీ తూచగలిగితే, అందులో ఇనుముకన్నా ఎన్నో రెట్లు ఎక్కువగా తేలేది, తరగతి గది పట్టికలో మనం అలోహపు రంగు పూసిన హైడ్రోజనే.